కాంట్రాక్టు ఉద్యోగం నుంచి తొలగింపు, ఆలస్యంగా వేసే కేసు: తరచుగా అడిగే ప్రశ్నలు

వరంగల్, హనుమకొండ, జనగామ, భూపాలపల్లి, పెద్దపల్లి ప్రాంతాల నుంచి వచ్చే కాంట్రాక్టు, ఔట్‌సోర్సింగ్ ఉద్యోగులు మమ్మల్ని పదే పదే అడిగే ప్రశ్నలివి. తీసేసిన వారంలోనే వచ్చేవారు తక్కువ. ఏడాదికో రెండేళ్లకో, ఇంకెవరూ పలకడం లేదని తేలాక వచ్చేవారే ఎక్కువ. అందుకే ఇక్కడి సమాధానాలన్నీ ఆలస్యం చుట్టూనే తిరుగుతాయి.

నన్ను తీసేసి చాలా కాలమైంది. ఇప్పుడు కేసు వేస్తే చెల్లుతుందా?

ఎన్నేళ్లైందన్న ఒక్క లెక్కతో దీనికి జవాబు చెప్పలేం. మిమ్మల్ని నియమించింది ప్రైవేటు యాజమాన్యమా, రాష్ట్ర ప్రభుత్వ శాఖా, కేంద్ర సంస్థా అన్నదాన్ని బట్టి వెళ్లవలసిన చోటు మారుతుంది, చోటును బట్టి గడువు మారుతుంది. అంతకంటే ముఖ్యమైనది, ఈ మధ్యకాలంలో మీరేం చేశారన్నది. ఐదేళ్ల తర్వాత వచ్చినా సరైన కార్యాలయంలో వివాదాన్ని నడుపుతూ వచ్చినవారి కేసు నిలిచిన సందర్భాలు ఉన్నాయి. రెండేళ్లకే వచ్చినా, ఆ రెండేళ్లూ ఏం చేశారన్నదానికి ఒక్క కాగితం కూడా చూపలేక ఇబ్బంది పడినవారూ ఉన్నారు.

లేబర్ కోర్టుకు వెళ్లడానికి గడువు ఎంత?

2025 నవంబరు వరకు అమలులో ఉన్న పారిశ్రామిక వివాదాల చట్టం, 1947లో మొదట దీనికి కాలపరిమితి లేదు. 2010లో పార్లమెంటు చేసిన సవరణ ఆ ఏడాది సెప్టెంబరు 15 నుంచి అమలులోకి వచ్చింది. దాని ప్రకారం తొలగింపునకు గురైన కార్మికుడు ముందుగా కార్మిక శాఖలోని కన్సిలియేషన్ అధికారికి (ఇరువైపులా రాజీ కుదిర్చే అధికారి) దరఖాస్తు చేసుకోవాల్సి ఉండేది. ఆ తర్వాత 45 రోజులు గడిస్తే, ప్రభుత్వం వివాదాన్ని కోర్టుకు పంపే ఉత్తర్వు (రిఫరెన్సు) కోసం చూడకుండా నేరుగా లేబర్ కోర్టుకు వెళ్లే వీలుండేది. అయితే తొలగించిన తేదీ నుంచి మూడేళ్లు నిండకముందే కోర్టులో దరఖాస్తు పడాల్సి ఉండేది.

చాలామంది పొరబడేది ఇక్కడే. పాత చట్టంలోని ఆ మూడేళ్ల గడువు లేబర్ ఆఫీసులో దరఖాస్తు ఇవ్వడానికి కాదు, కోర్టులో వేయడానికి. మధ్యలో 45 రోజులు ఆగాలి కాబట్టి, రెండేళ్ల పది నెలలు దాటాక లేబర్ ఆఫీసు మెట్లెక్కినవారికి ఆ దారి దాదాపు మూసుకుపోయినట్టే. మూడేళ్లుందని నమ్మి ఆఖరి నెలలో వచ్చేవారికి ఈ సంగతి చెప్పడం మాకే కష్టంగా ఉంటుంది.

కొత్త కార్మిక చట్టాలు వచ్చాయి కదా, ఇప్పుడూ అదే గడువా?

కాదు. పారిశ్రామిక సంబంధాల కోడ్, 2020 అనే కొత్త చట్టం 2025 నవంబరు 21 నుంచి అమలులోకి వచ్చి పాత చట్టం స్థానాన్ని తీసుకుంది. ఈ కోడ్‌లోని 53వ సెక్షన్ ప్రకారం వివాదం తలెత్తిన తేదీ నుంచి రెండేళ్లు దాటితే కన్సిలియేషన్ అధికారి ఆ వివాదంపై విచారణ జరపకూడదు. రాజీ కుదరకపోతే ఆయన నివేదిక ఇస్తారు. అది అందిన 90 రోజుల్లోగా పారిశ్రామిక ట్రైబ్యునల్‌కు దరఖాస్తు చేసుకోవాలి. అంటే ఒక చోట గడువు మూడేళ్ల నుంచి రెండేళ్లకు తగ్గింది, ఇంకోచోట 90 రోజుల కొత్త గడువు వచ్చి చేరింది. రాజీ ప్రయత్నం విఫలమైందన్న కాగితం చేతికొచ్చాక ఊరికి వెళ్లి, మేడారం జాతరో ఇంట్లో పెళ్లో అయ్యాక చూద్దామనుకుంటే, ఆ 90 రోజులు చూస్తుండగానే అయిపోతాయి.

2025 నవంబరుకు ముందు తొలగించినవారు పాత చట్టం కింద తమకు మూడేళ్లున్నాయని వాదించవచ్చు. ఆ వాదనలో బలం ఉంది. అయినా దాన్నే నమ్ముకుని కూర్చోవద్దని మా సలహా. రెండు లెక్కల్లో ఏది ముందు ముగుస్తుందో దాన్నే మీ గడువుగా పెట్టుకోండి. ఎదుటి వకీలుకు గడువు మీద మాట్లాడే అవకాశమే ఇవ్వకపోవడం అన్నిటికంటే మేలు.

నన్ను కాగితం మీద తీసేయలేదు, "రేపటి నుంచి రావద్దు" అన్నారంతే. తొలగింపు తేదీ ఏది?

నోటిమాటతో ఆపేసినా అది తొలగింపే. చిక్కంతా తేదీ దగ్గర వస్తుంది. యాజమాన్యం తరఫువారు మీరే పని మానేసి వెళ్లిపోయారని అంటారు, లేదా గడువు దాటిందని చూపడానికి తేదీని ఇంకా వెనక్కి జరుపుతారు. కాబట్టి మీరు ఆఖరిసారి పనిచేసిన రోజును ఏదో ఒక రాతతో పట్టుకోవాలి. హాజరు పట్టిక ఫోటో, గేటు పాసు, ఆఖరి జీతం పడిన బ్యాంకు పాసుబుక్కు పేజీ, షిఫ్టు గురించి సూపర్‌వైజర్ పంపిన వాట్సాప్ సందేశం, ఇవన్నీ పనికొస్తాయి. పీఎఫ్ పాసుబుక్కులో యాజమాన్యం నమోదు చేసే "ఉద్యోగం వదిలిన తేదీ"ని తప్పకుండా చూడండి. కొన్నిసార్లు అది మీరు చెప్పే తేదీకి నెలలు ముందుగానో వెనుకగానో ఉంటుంది, కారణం గడిలో రాజీనామా అని కూడా ఉంటుంది.

ఆపేసిన వారంలోనే యాజమాన్యానికి స్పీడ్ పోస్టులో (రిజిస్టర్డ్ పోస్టు 2025లో ఇందులోనే కలిసిపోయింది) ఒక ఉత్తరం పంపండి. "ఫలానా తారీఖున నన్ను పనిలోకి రానివ్వలేదు, నేను పనిచేయడానికి సిద్ధంగా ఉన్నాను" అన్న రెండు వాక్యాలు చాలు. పోస్టాఫీసు రసీదును, ఉత్తరం అందినట్టు వచ్చిన రుజువును ఆ ఉత్తరం నకలుకే పిన్ను పెట్టి ఉంచండి.

నేను ఊరికే కూర్చోలేదు. అధికారుల చుట్టూ తిరిగి ఎన్నో వినతిపత్రాలు ఇచ్చాను. అది ఆలస్యం ఎలా అవుతుంది?

మా దగ్గర ఎక్కువగా వినిపించే మాట ఇదే, అందులో ఉన్న బాధ నిజమైనదే. 2024 వర్షాకాలంలో పరకాల వైపు నుంచి ఒక అక్క వచ్చారు. ఒక సంస్థలో తొమ్మిదేళ్లు స్వీపరుగా పనిచేశారు. తడవకుండా ప్లాస్టిక్ కవరులో పెట్టుకుని తెచ్చిన కట్టను బల్ల మీద విప్పారు. అందులో పదకొండు దరఖాస్తుల నకళ్లు తేదీల వరుసలో దారంతో కుట్టి ఉన్నాయి. ప్రతిదాని మీదా గుండ్రటి ముద్ర, ఇన్‌వర్డ్ నంబరు, ఎవరో గుమస్తా పొడి సంతకం ఉన్నాయి. మేనేజరుకు, పై అధికారికి, ప్రజావాణిలో కలెక్టరుకు, ఇద్దరు ప్రజాప్రతినిధులకు ఇచ్చిన దరఖాస్తులు అవి. లేబర్ ఆఫీసుకు ఇచ్చినది మాత్రం ఒక్కటీ లేదు. అప్పటికి తొలగించి రెండేళ్ల తొమ్మిది నెలలు. ఆ సాయంత్రమే కన్సిలియేషన్ దరఖాస్తు రాయించి, మర్నాడు ఇప్పించి, 45 రోజులు లెక్కపెట్టుకుని, మిగిలిన కొద్ది వారాల్లో కోర్టులో వేయవలసి వచ్చింది. ఆమె ఒక్క రెండు నెలలు ఆలస్యంగా వచ్చి ఉంటే ఆ పదకొండు ముద్రల వల్ల పెద్ద ప్రయోజనం ఉండేది కాదు.

వినతిపత్రం ఇచ్చినంత మాత్రాన గడువు ఆగదు. 2008లో సి. జాకబ్ కేసులో సుప్రీంకోర్టు ఈ విషయాన్ని విడమరచి చెప్పింది. 1982లో ఉద్యోగం పోయిన వ్యక్తి 2000లో వినతిపత్రం ఇచ్చి, దాన్ని పరిశీలించాలని ట్రైబ్యునల్ నుంచి ఉత్తర్వు తెచ్చుకున్నాడు. అధికారి దాన్ని తిరస్కరించాక, ఆ తిరస్కరణ తేదీ నుంచి లెక్క మొదలుపెట్టమన్నాడు. అలా కుదరదనీ, వినతిపత్రానికి ఇచ్చిన జవాబు వల్ల ఎప్పుడో కాలం చెల్లిన హక్కు మళ్లీ పుట్టదనీ కోర్టు తేల్చింది. "ముందు హైకోర్టులో రిప్రజెంటేషన్ పరిశీలించమని ఆర్డర్ తెచ్చుకుందాం, తర్వాత అసలు కేసు వేద్దాం" అని ఎవరైనా సలహా ఇస్తే, ఈ తీర్పును గుర్తుపెట్టుకోండి.

అలాగని ఆ నకళ్లను పారేయవద్దు. మీరు హక్కు వదులుకోలేదని చూపడానికి అవి సాక్ష్యమవుతాయి. గడువు లోపల ఉన్న కేసుకు బలాన్నిస్తాయి, కానీ గడువుకు బదులుగా మాత్రం నిలబడవు.

ఏడేళ్లు, పద్నాలుగేళ్లు ఆలస్యమైన కేసుల్లో సుప్రీంకోర్టు ఏమంది?

రెండు వైపులా తీర్పులున్నాయి. పక్కపక్కన పెట్టి చదివితే తేడా ఎక్కడుందో కనిపిస్తుంది. 1999లో అజాయబ్ సింగ్ కేసులో కార్మికుడు 1974లో పని పోతే 1981లో డిమాండు నోటీసు ఇచ్చాడు. కేసులకు గడువులు పెట్టే లిమిటేషన్ చట్టంలోని 137వ అధికరణం పారిశ్రామిక వివాదాలకు వర్తించదని, ఆలస్యం ఒక్కటే కారణంగా కేసును కొట్టేయకూడదని కోర్టు చెప్పింది. అయితే ఆ ఏడేళ్ల పాత జీతం మాత్రం ఇవ్వలేదు, నోటీసు ఇచ్చిన నాటి నుంచి లేబర్ కోర్టు తీర్పు వరకు 60 శాతమే ఇచ్చింది. మరుసటి ఏడాదే నెడుంగడి బ్యాంకు కేసులో, అక్కడా ఏడేళ్ల ఆలస్యమే, వివాదం ఎప్పుడో చల్లబడిపోయిందని కోర్టు ఉద్యోగికి వ్యతిరేకంగా తీర్పిచ్చింది. 2001లో సపన్ కుమార్ పండిట్ కేసులో దాదాపు పదిహేనేళ్ల తర్వాత కూడా వివాదం సజీవంగా ఉందని అంగీకరించింది. 2015లో ప్రభాకర్ కేసులో మాత్రం పద్నాలుగేళ్లు నోరు మెదపని ఉద్యోగి విషయంలో, రిఫరెన్సు నాటికి అసలు వివాదమే మిగల్లేదని చెప్పింది.

అంటే కోర్టు ఏళ్లను మాత్రమే లెక్కపెట్టడం లేదు, ఆ ఏళ్లలో వివాదం బతికి ఉందా లేదా అని చూస్తోంది. అయితే ఈ తీర్పులన్నీ ప్రభుత్వ రిఫరెన్సు ద్వారా లేబర్ కోర్టుకు చేరిన కేసులవి. నేరుగా వెళ్లే దారికి చట్టమే మూడేళ్లో రెండేళ్లో అని గీత గీసిన తర్వాత, అజాయబ్ సింగ్ తీర్పు చూపి ఆ గీత దాటడం సాధ్యం కాదు. ఇప్పటికీ కొందరు ఆ పాత తీర్పు మీదనే ధైర్యం చెబుతుంటారు.

నేను రాష్ట్ర ప్రభుత్వ శాఖలో కాంట్రాక్టు మీద పనిచేశాను. నాకు హైకోర్టేనా?

చాలావరకు అంతే. రాష్ట్ర ఉద్యోగుల కేసులు విన్న పాత పరిపాలనా ట్రైబ్యునల్ పరిధి నుంచి తెలంగాణ 2016లోనే బయటికొచ్చింది. అప్పటి నుంచి ఈ వివాదాలు రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద రిట్ పిటిషన్లుగా (ప్రభుత్వ చర్యను నేరుగా సవాలు చేసే పిటిషన్లు) హైకోర్టుకే వెళ్తున్నాయి. రిట్‌కు చట్టం గడువేమీ పెట్టలేదు. కానీ అది కోర్టు విచక్షణ మీద ఆధారపడిన పరిహారం కాబట్టి, వివరణ లేని జాప్యం కనిపిస్తే అసలు విషయంలోకి వెళ్లకుండానే కొట్టేయవచ్చు. మీ స్థానంలో ఈలోపు ఇంకొకరిని తీసుకుని ఉంటే కోర్టు మరింత వెనకాడుతుంది. మూడేళ్లంటే మూడేళ్లని ఇక్కడ ధీమాగా ఉండకూడదు. కొన్ని నెలల్లోనే వెళ్లడం క్షేమం.

మీ పని కార్మికుడి నిర్వచనంలోకి వస్తే, ఉదాహరణకు మున్సిపాలిటీ పారిశుద్ధ్యం, పంపు ఆపరేటర్, డ్రైవర్ వంటివి, కార్మిక శాఖ దారి కూడా మీకు ఉంటుంది. అప్పుడు హైకోర్టు "ముందు అక్కడికి వెళ్లండి" అని పంపే అవకాశం ఉంది. ఈ అటూ ఇటూ తిరగడంలోనే కొందరికి రెండేళ్లు గడిచిపోతాయి. సద్భావంతో తప్పు కోర్టులో గడిపిన కాలాన్ని మినహాయించే సూత్రం లిమిటేషన్ చట్టం 14వ సెక్షన్‌లో ఉంది. ఆ కాలానికి సంబంధించిన ఉత్తర్వుల నకళ్లను ముందే తీసి ఉంచుకోండి.

కాజీపేటలో రైల్వే పని, గోదావరిఖనిలో బొగ్గు గని పని. వీటికి ఎక్కడికి వెళ్లాలి?

కేంద్ర ప్రభుత్వమో రైల్వేయో మిమ్మల్ని నేరుగా నియమించి ఉంటే కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్ హైదరాబాదు బెంచికి వెళ్లాలి. అక్కడి గడువు కఠినమైనది. తుది ఉత్తర్వు వచ్చిన తేదీ నుంచి ఒక సంవత్సరం. వినతిపత్రం పెట్టాక ఆరు నెలలు జవాబు రాకపోతే, ఆ ఆరు నెలలు ముగిశాక ఇంకో సంవత్సరం. తగిన కారణం చూపితే జాప్యాన్ని మన్నించే అధికారం ట్రైబ్యునల్‌కు ఉంది.

బొగ్గు గనుల విషయంలో కార్మిక చట్టాలకు సంబంధించిన ప్రభుత్వం కేంద్ర ప్రభుత్వమే. గనిలో కాంట్రాక్టరు కింద పనిచేసినవారు కన్సిలియేషన్ కోసం కేంద్ర కార్మిక శాఖ అధికారులను ఆశ్రయించాలి. రాష్ట్ర లేబర్ ఆఫీసులో ఇచ్చిన దరఖాస్తు "మా పరిధి కాదు" అన్న ఒక్క వాక్యంతో వెనక్కి రావచ్చు. వరంగల్‌లోనూ గోదావరిఖనిలోనూ పారిశ్రామిక ట్రైబ్యునల్-కమ్-లేబర్ కోర్టులు ఉన్నాయి కదా అని నేరుగా అక్కడికి వెళ్లేముందు, మీ సంస్థకు సంబంధించిన ప్రభుత్వం ఏదన్నది తేల్చుకోండి.

కాంట్రాక్టు గడువు మార్చి 31తో ముగిసింది, రెన్యువల్ చేయలేదు. దీన్ని తొలగింపు అనవచ్చా?

పాత చట్టంలోని సెక్షన్ 2(ఓఓ)(బీబీ) ప్రకారం కాంట్రాక్టు గడువు ముగిసి రెన్యువల్ కాకపోవడం రిట్రెంచ్‌మెంట్ (నోటీసు, పరిహారం ఇవ్వాల్సిన తొలగింపు) కిందికి రాదు. కొత్త కోడ్ కూడా నిర్ణీత కాల ఉద్యోగం ముగియడాన్ని అలాగే మినహాయించింది. యాజమాన్యాలు మొదట చెప్పేది ఇదే. అయితే ఆ మినహాయింపు కాగితం మీది మాటతోనే వర్తించదు. ప్రాజెక్టు పనికి తీసుకున్నామంటే, పని తాత్కాలికమని నియామకం నాడే కార్మికుడికి తెలియజేశామని యాజమాన్యం రుజువు చేయాలని సుప్రీంకోర్టు 2003లో నీలాజ్‌కర్ కేసులో చెప్పింది. ఏటా ఒక్కరోజు విరామమిచ్చి మళ్లీ అదే కుర్చీలో కూర్చోబెట్టే పద్ధతి మన దగ్గర ఎంత మామూలో అందరికీ తెలుసు. పన్నెండు నెలల్లో 240 రోజులు పనిచేసినవారికి నెల నోటీసు, ఏడాదికి 15 రోజుల జీతం చొప్పున పరిహారం ఇవ్వాలన్న రక్షణను తప్పించుకోవడానికే ఆ విరామమని చూపగలిగితే కేసు నిలుస్తుంది.

ఈ తరహా కేసుల్లో ఆలస్యానికి కారణం దాదాపు ఎప్పుడూ ఒకటే. "బడ్జెట్ రాగానే పిలుస్తాం" అన్న మాటను నమ్మి ఎదురుచూస్తారు. గడువు లెక్క మాత్రం ఏప్రిల్ 1 నుంచే నడుస్తుంది.

ఏజెన్సీ మారింది. కొత్త ఏజెన్సీ నన్ను తీసుకోలేదు. ఎవరి మీద వేయాలి?

పాత ఏజెన్సీని, కొత్త ఏజెన్సీని, పని చేయించుకున్న ప్రధాన యజమానిని ముగ్గురినీ మొదటి దరఖాస్తులోనే చేర్చండి. ఒకరిని వదిలేసి రెండేళ్ల తర్వాత చేర్చబోతే వారి వరకు ఆలస్యం అన్న అభ్యంతరం కొత్తగా పుట్టుకొస్తుంది.

ఆలస్యానికి ఏ కారణాలు చెబితే వింటారు?

కాగితం ఉన్న కారణాలు వింటారు. ఆసుపత్రి డిశ్చార్జి పత్రం, కుటుంబంలో మరణం, ప్రసూతి, యాజమాన్యం రాతపూర్వకంగా ఇచ్చిన హామీ, యూనియన్ ద్వారా నడిచిన చర్చల మినిట్స్, ఇంకో కోర్టులో పెండింగ్‌లో ఉన్న కేసు వంటివి. కోవిడ్ కారణంగా 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 వరకు ఉన్న కాలాన్ని గడువుల లెక్కలో మినహాయించాలని సుప్రీంకోర్టు ఉత్తర్వులిచ్చింది. పాత తొలగింపుల్లో దాన్ని లెక్కలోకి తీసుకున్నారో లేదో చూసుకోండి. ప్రతిరోజు ఆలస్యానికీ విడివిడిగా సంజాయిషీ అడిగేంత పిడివాదం వద్దని 1987 నాటి కాతిజీ తీర్పు చెబుతుంది. కానీ అఫిడవిట్‌లో "నాకు చట్టం తెలియదు, నేను పేదవాడిని" అన్న రెండు ముక్కలు రాసి ఆ తీర్పును జోడిస్తే సరిపోదు. ఏ నెల ఎక్కడున్నారో, ఎవరిని కలిశారో, ఎందుకు ఆగారో వరుసగా రాయించండి. వకీలు రాసిన అఫిడవిట్‌పై సంతకం చేసేముందు తేదీలన్నీ మీరే ఒకసారి చదవండి. ఎదుటి వకీలు ప్రశ్నించే క్రాస్‌లో మొదటి ప్రశ్న వచ్చేది వాటి మీదనే.

పీఎఫ్ డబ్బులు తీసుకున్నాను. హక్కు పోయినట్టేనా?

పీఎఫ్ మీ సొంత డబ్బు. దాన్ని తీసుకున్నంత మాత్రాన తొలగింపును ఒప్పుకున్నట్టు కాదు. ఇబ్బందంతా "పూర్తి, తుది చెల్లింపు ముట్టింది, ఇక ఏ క్లెయిమూ లేదు" అన్న కాగితం మీద చేసే సంతకంతోనే. అవసరానికి డబ్బు తీసుకోక తప్పకపోతే సంతకం పక్కనే "అభ్యంతరంతో స్వీకరించాను" అని రాయండి. బకాయి జీతాల సంగతి వేరు. వేతనాల కోడ్, 2019 కింద వాటికి మూడేళ్లలోగా విడిగా క్లెయిమ్ వేయవచ్చు. తొలగింపు కేసు తేలే వరకు దాన్ని ఆపనక్కర్లేదు.

ఆలస్యమైనా గెలిస్తే నాకు ఏమొస్తుంది?

ఆలస్యం ఎక్కువగా దెబ్బతీసేది పాత జీతాలను. ఉద్యోగం తిరిగి ఇచ్చినా, మీరు మౌనంగా ఉన్న కాలానికి జీతం కోసేస్తారు. దినకూలీ, తాత్కాలిక ఉద్యోగుల విషయంలో తొలగింపు చట్టవిరుద్ధమని తేలినా ఉద్యోగానికి బదులు ఏకమొత్తం పరిహారంతో సరిపెట్టే ధోరణి 2013 నాటి భూరూమల్ తీర్పు తర్వాత గట్టిపడింది. మరోవైపు, ఏళ్ల తరబడి శాశ్వత స్వభావమున్న పని చేయించుకుని తాత్కాలిక ఉద్యోగులు పర్మినెంటు చేయమని హక్కుగా అడగలేరన్న 2006 నాటి ఉమాదేవి తీర్పును అడ్డుపెట్టుకోవడాన్ని సుప్రీంకోర్టు 2024 డిసెంబరులో జగ్గో కేసులో తప్పుపట్టింది. 2025 జనవరిలో శ్రీపాల్ కేసులో, 2005లో తొలగించిన మున్సిపల్ తోటమాలులకు ఉద్యోగాన్ని, సగం పాత జీతాన్ని ఇప్పించింది.

నేను టీచరును. లేబర్ కోర్టుకు వెళ్లవచ్చా?

లేదు. ఉపాధ్యాయులు కార్మికుల నిర్వచనంలోకి రారని సుప్రీంకోర్టు 1988లో సుందరాంబాళ్ కేసులో తేల్చింది. లేబర్ ఆఫీసులో నెలలు పోగొట్టుకోకుండా విద్యా చట్టం కింద అప్పీలు ఉందా, రిట్ వేయవచ్చా అన్నది వెంటనే అడిగి తెలుసుకోండి.

వకీలు ఫీజుకు డబ్బు లేక ఆగిపోయాను. ఏం చేయాలి?

న్యాయ సేవల అధికార సంస్థల చట్టం, 1987లోని 12వ సెక్షన్ ప్రకారం మహిళలకు, ఎస్సీ, ఎస్టీ వర్గాలవారికి, పారిశ్రామిక కార్మికులకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది. జిల్లా కోర్టు ఆవరణలోని న్యాయ సేవాధికార సంస్థలో దరఖాస్తు ఇవ్వాలి, లేదా 15100 నంబరుకు ఫోన్ చేయాలి. వెళ్లేటప్పుడు నియామక పత్రం, ఆఖరి మూడు నెలల జీతం పడిన పాసుబుక్కు పేజీలు, పీఎఫ్, ఈఎస్ఐ నంబర్లు, పోస్టాఫీసు రసీదులు, ఆధార్ కార్డు నకలు తీసుకెళ్లండి. నియామక పత్రం లేకపోతే దానికోసం ఆగకుండా మిగతావాటితోనే వెళ్లండి. ప్రభుత్వ సంస్థ అయితే దాన్ని సమాచార హక్కు చట్టం కింద తర్వాత అడగవచ్చు, వారు 30 రోజుల్లో జవాబివ్వాలి.